రంగులరాయుడు ఎర్రబడితే నదులు మరుగుతాయా?

సంపాదకులకు నమస్కారం.

మీ ఆదివారం పిల్లల పేజీలో వస్తున్న సీరియల్ గురించి ఈ ఉత్తరం. మనవరాళ్లున్న వయసులో నాకు పిల్లల కథలతో పనేమిటని అనుకోకండి. మా మనవరాలు గట్టిగా చదువుతుంది, నేను వింటాను. అందులో మనది కాని ఒక విశ్వం, ఆ విశ్వంలో రంగులరాయుడనే మహా నక్షత్రం. పొద్దున్నే ఉదయించడం మొదలుపెడితే పూర్తిగా పైకి వచ్చేసరికి మధ్యాహ్నం అవుతుంది. కోపమొస్తే ఎర్రబడుతుంది, నదులు మరుగుతాయి. శాంతిస్తే నీలంగా మారుతుంది, మంచు కురుస్తుంది. సంబరమొస్తే ఆకుపచ్చ.

నక్షత్రం మాట్లాడినా, అలిగినా నాకు పేచీ లేదు. ఎరుపంటే వేడి, నీలమంటే చల్లన అనడం దగ్గరే మింగుడు పడలేదు. అది బాత్‌రూంలో గీజర్ కుళాయి మీది రంగుల లెక్క. నేను మా విశాఖ ఉక్కు ఫ్యాక్టరీ వైర్ రాడ్ మిల్లులో పనిచేసి రిటైరయ్యాను. ఫర్నేస్‌లోంచి బిల్లెట్ (పొడవాటి ఉక్కు దిమ్మె) 1,100 డిగ్రీలు దాటిన వేడితో పసుపు రంగులో బయటికొస్తుంది. రోల్స్ అన్నీ దాటి సన్నటి కడ్డీ అయ్యాక కన్వేయర్ మీద చుట్టలు చుట్టలుగా పడుతుంది, కింద నుంచి ఫ్యాన్ల గాలి తగులుతుంది. అక్కడ నిలబడి చూస్తే నారింజ రంగు ఎరుపవుతుంది, ఎరుపు ముదిరి నలుపవుతుంది. నల్లబడ్డాక కూడా ముట్టుకుంటే తోలు ఊడొస్తుంది. కొత్తగా వచ్చిన కుర్రాళ్లకి మేం మొదట చెప్పేది అదే.

నక్షత్రాలదీ ఇదే వరస. డిసెంబరు, జనవరి నెలల్లో రాత్రి పూట సముద్రం వైపు చూడండి. ఆర్కే బీచ్‌లో లైట్లు ఎక్కువ, అప్పికొండ వైపైతే మేలు. మా చిన్నప్పుడు గొల్లకావడి అనేవాళ్లం, ఆ మూడు చుక్కలు ఒకదాని మీద ఒకటి నిలబడి పైకొస్తాయి. వాటికి ఎడమ పక్కన ఎర్రగా ఆర్ద్రా నక్షత్రం, కుడి పక్కన నీలం కలిసిన తెలుపులో రైజెల్ అనే నక్షత్రం. ఆర్ద్ర ఉపరితలం వేడి సుమారు 3,300 డిగ్రీలు, రైజెల్‌ది దాదాపు 12,000. మన సూర్యుడు 5,500తో మధ్యలో ఉన్నాడు. (ఆరుద్ర కార్తెలో మాత్రం ఆర్ద్ర కోసం వెతక్కండి. అప్పుడు సూర్యుడు దాని దగ్గరే ఉంటాడు కాబట్టి కనబడదు. కనబడేది ఆరుద్ర పురుగే. అదీ ఎరుపే, చూడండి!)

ఇదంతా చెబితే మా మనవరాలు, "తాతా, అది వేరే విశ్వం, అక్కడి రూల్స్ వేరు" అంది. సరే, ఒప్పుకుందును. కానీ పోయిన ఆదివారం భాగంలో రాకుమారి కత్తి కాల్చే కమ్మరి "ఇంకా ఎర్రగానే ఉంది, తెల్లబడేదాకా తిత్తి ఆపకు" అంటాడు. కొలిమిలో ఒక రూలు, ఆకాశంలో ఇంకో రూలా? దీనికి మాత్రం మా మనవరాలి దగ్గర జవాబు లేదు.

నిజానికి రచయిత తప్పించుకోడానికి ఒక దారి ఉంది. ఎర్రబడేటప్పుడు రంగులరాయుణ్ని ఉబ్బించాలి. ఉపరితలం చల్లబడినా ఒళ్లు విపరీతంగా పెరిగితే మొత్తం మీద వచ్చిపడే వేడి ఎక్కువే అవుతుంది. సుమారు 500 కోట్ల ఏళ్ల తర్వాత మన సూర్యుడు చేయబోయే పనీ అదే. అప్పుడు నదులు మరిగినా నాకు అభ్యంతరం లేదు. నీలం వేళకి బాగా కుంచించుకుపోతే మంచు కూడా కురిపించుకోవచ్చు. ఒక్క వాక్యం చాలు.

మాంత్రికుడు చిటికె వేయగానే నక్షత్రమంతా ఒక్కసారే రంగు మారిందని రాశారు. ఆర్ద్రని తెచ్చి సూర్యుడి చోట పెడితే కుజుడి కక్ష్య కూడా దాని కడుపులోకి పోతుంది. ఈ చివర నుంచి ఆ చివరికి వెలుతురు వెళ్లడానికే అరగంట దాటుతుంది. రంగులరాయుడు అంతటి వాడైతే, కింద నిలబడి చూసేవాళ్లకి ముందు నడిమధ్యన రంగు మారాలి. అది నాలుగు వైపులా పాకి అంచులు తాకేసరికి పావుగంట పైనే పడుతుంది. ఆ పావుగంటలో రాకుమారి పారిపోవచ్చు కదా! ఇంత మంచి అవకాశం ఎందుకు వదులుకున్నారో.

2019 చివర్లో ఆర్ద్ర మసకబారడం మొదలై 2020 ఫిబ్రవరికి బాగా తగ్గిపోయింది. అది బయటికి కక్కిన పదార్థం చల్లారి, ధూళిగా మారి అడ్డం పడిందని తర్వాత తేల్చారు. రంగులరాయుడికి జబ్బు చేసే ఘట్టం ఎప్పుడైనా రాస్తే ఇది పనికొస్తుంది.

ఆకుపచ్చ గురించి గొడవ పడను. ఇనుము ఎంత కాల్చినా మధ్యలో ఆకుపచ్చగా మారదు. నక్షత్రమూ అంతే, మిగతా రంగులన్నీ కలిసిపోయి కంటికి తెల్లగానే కనిపిస్తుంది. అయినా సంబరాల రోజు కదా, పోనివ్వండి.

బొమ్మలు వేసే వారికి కూడా ఒక మాట. రంగులరాయుడి ఎరుపుకి కుంకుమ రంగు పులిమేశారు. ఆర్ద్ర చీకట్లో దూరాన ఉంది కాబట్టి మనకి ఎర్రగా తోస్తుంది. పాత ఫిలమెంట్ బల్బు వేడి 2,500 డిగ్రీల దరిదాపుల్లో ఉండేది, ఆర్ద్ర అంతకంటే వేడి. దగ్గర నుంచి చూస్తే ఆ బల్బు వెలుతురు లాగే, ఇంకాస్త తెల్లగా ఉంటుంది. వచ్చేవారం బొమ్మలో పసుపు కలపమని చెప్పండి.

ఇట్లు,
వైర్ రాడ్ మిల్లు రిటైర్డ్ ఉద్యోగి,
కూర్మన్నపాలెం, విశాఖపట్నం