నిజ జీవిత కథ సరే, ఆ జీవితం ఎవరిది?

ఎడిటర్ గారికి నమస్కారమండి,

మొన్న ఆదివారం మీ సినిమా పేజీలో నిజ జీవిత కథల సినిమాల మీద రాసింది చదివాను, డైరెక్టర్ ఎంత రీసెర్చ్ చేశాడో హీరోయిన్ ఎంత కష్టపడిందో అన్నీ ఉన్నాయి గానీ ఆ కథ అసలు మనుషులకి ఏం ముట్టిందో ఒక్క లైను లేదు. అది చదువుతుంటే అరోరా మర్దిగానియన్ గుర్తొచ్చింది.

ఆర్మేనియా అమ్మాయి, అసలు పేరు అర్షలూయిస్, వాళ్ల భాషలో వేకువ అని అర్థం. 1915లో ఒట్టోమన్ టర్కీలో ఆర్మేనియన్లని ఊచకోత కోసినప్పుడు ఆమెకి 14 ఏళ్లు, ఇంట్లోవాళ్లని పోగొట్టుకుని, బానిసగా అమ్ముడుపోయి, తప్పించుకుని ఎలాగో అమెరికా చేరింది. అక్కడ ఆమె కథని ముందు పుస్తకం వేశారు, వెంటనే 1919లో 'ఆక్షన్ ఆఫ్ సోల్స్' అని మూకీ సినిమా, అందులో హీరోయిన్ తనే! అంటే పడ్డ నరకమే కెమెరా ముందు ఇంకోసారి పడాలన్నమాట. ఇంగ్లీష్ సరిగా రాని పిల్లకి వారానికి ఇచ్చింది 15 డాలర్లు. సెట్లో ఎర్ర టర్కీ టోపీలు పెట్టుకున్న ఆర్టిస్టుల్ని చూసి, మోసం చేసి మళ్లీ వాళ్లకే పట్టిస్తున్నారనుకుని హడలిపోయిందట. కిందపడి చీలమండ విరిగితే కట్టు కట్టి షూటింగ్ కానిచ్చారు.

10 డాలర్ల టికెట్‌తో గొప్పోళ్లకి షోలు వేసి శరణార్థుల కోసం విరాళాలు పోగుచేశారు, అది మంచి పనే, కాదనను. కానీ ఆ పిల్లని ఊరూరా తిప్పితే 1920లో కుప్పకూలింది, సరే రెస్ట్ ఇద్దాం అనుకోలేదు, ఆమెలా కనిపించే ఏడుగురిని పెట్టి టూర్ నడిపించేశారు!! (డూపులు స్టంట్లకే అనుకునేవాణ్ని నేను.)

1994లో లాస్ ఏంజిలిస్‌లో చనిపోతే అస్థికల కోసం ఎవరూ రాలేదు. ఆ సినిమాలో మిగిలింది ఓ 20 నిమిషాల ముక్క. ఇప్పుడు ఆమె పేరుమీద 10 లక్షల డాలర్ల ప్రైజు ఉంది, మంచిదే, బతికున్నప్పుడు మాత్రం వారానికి 15.

మన సినిమాల్లో కూడా మొదట్లో కార్డు పడుతుంది కదండీ, నిజ సంఘటనల ఆధారంగా అని. మీ రిపోర్టర్లు ప్రెస్‌మీట్‌లో ఒక్క ప్రశ్న అడగాలి, ఆ కుటుంబం స్క్రిప్టు చూసిందా, ఎంత ఇచ్చారు అని. సమాధానం చెప్పకపోతే చెప్పలేదనే వేయండి.

ఇట్లు
మీ పాత పాఠకుడు, గుంటూరు