జెఫ్ బక్లీ గురించి రాస్తే అతని పాటల గురించి రాయండి

ఎడిటర్ గారికి నమస్కారం.

మొన్న ఆదివారం మీ పేపర్లో అమెరికన్ గాయకుడు జెఫ్ బక్లీ మీద వచ్చిన వ్యాసం చదివాను. తెలుగులో ఆ పేరు కనిపించడమే అరుదు కాబట్టి ఎంతో ఆశగా మొదలుపెట్టాను. తీరా చూస్తే సగానికి పైగా అతను నదిలో మునిగి చనిపోవడం గురించే, మిగతాదంతా అతను పాడిన ‘హల్లెలూయా’ గురించే. ఆ పాట అతను రాసింది కాదు. కెనడా కవి, గాయకుడు లెనార్డ్ కోహెన్ రాసి 1984లో పాడుకున్నది. అది ఉన్న ‘గ్రేస్’ ఆల్బమ్‌లో పది పాటలుంటే ఏడు బక్లీ తనే రాసుకున్నవో, తోటివాళ్లతో కలిసి రాసినవో. వాటిలో ఒక్కదాని పేరు కూడా మీ వ్యాసంలో లేదు. తన పాటలు తనే రాసుకుని పాడిన మనిషి మొదటి ఆల్బమ్ గురించి రాస్తూ ఆ పాటలే వదిలేస్తే ఎలాగండీ?

ఇంకో సంగతి, డ్రగ్స్ మత్తులో నీళ్లలోకి దిగాడన్నట్టు రాశారు. అది తప్పు. 1997 మే 29 సాయంత్రం అమెరికాలోని మెంఫిస్‌లో, వుల్ఫ్ నదిలోకి బట్టలతోనే ఈతకు దిగి కొట్టుకుపోయాడు. శవపరీక్షలో డ్రగ్స్ ఏమీ దొరకలేదు, ప్రమాదం అనే తేల్చారు. రెండో ఆల్బమ్ పని కోసం బ్యాండ్ వాళ్లు ఆ రాత్రే ఆ ఊరికి వస్తున్నారు. అతని వయసు 30. డ్రగ్స్ వల్ల పోయింది తండ్రి టిమ్ బక్లీ, ఆయనా గాయకుడే, 1975లో 28 ఏళ్లకే పోయాడు. ఇద్దరి కథా కలిపేసినట్టున్నారు. దయచేసి దీనికి సవరణ వేయండి, చనిపోయినవాడి మీద లేని మాట మిగిలిపోకూడదు.

ఆ తండ్రి కొడుకు పుట్టకముందే ఇంట్లోంచి వెళ్లిపోయాడు. ఆల్బమ్ చివర్లో ఉన్న ‘డ్రీమ్ బ్రదర్’ వినాలంటే ఈ సంగతి తెలియాలి, ఎందుకంటే గర్భవతి అయిన అమ్మాయిని వదిలి వెళ్లిపోవాలనుకుంటున్న ఒక స్నేహితుణ్ణి ఆపడానికి బక్లీ రాసిన పాట అది, నాకు జరిగింది నీ బిడ్డకు జరగనివ్వకు అని బతిమాలుకోవడం. అందులో తబలా కూడా ఉంది. అలంకారానికి పెట్టిన తబలా కాదు, గిటార్ల కింద కలిసిపోయి నడుస్తుంది, మొదటిసారి వింటే గమనించకపోవచ్చు కూడా.

‘లవర్, యు షుడ్ హావ్ కమ్ ఓవర్’ అయితే హార్మోనియంతో మొదలవుతుంది. మన భజనల్లో, పద్యనాటకాల్లో వినే ఆ హార్మోనియమే, కానీ ఇక్కడ తాళం లేకుండా, తొందర లేకుండా కాసేపు శ్రుతి పట్టుకుని ఉండిపోతుంది, ఆ తర్వాత గిటార్ వచ్చి తిశ్ర నడకలో పాట ఎత్తుకుంటుంది. విడిపోయిన అమ్మాయి తిరిగి రాదని తెలిసి కూడా ఎదురుచూసే కుర్రాడి పాట. ఆరు నిమిషాలు దాటిన పాటలో గొంతు గుసగుసలా మొదలై చివరికి అరుపు దాకా వెళ్తుంది, ఎక్కడా అతికించినట్టుండదు. నా మటుకు ఆల్బమ్ మొత్తంలో గొప్ప పాట ఇదే, ‘హల్లెలూయా’ కాదు.

ఇవన్నీ గాల్లోంచి ఊడిపడలేదు. న్యూయార్క్ ఈస్ట్ విలేజ్‌లో ఒక చిన్న కేఫ్‌లో ఒక్క ఎలక్ట్రిక్ గిటార్ పట్టుకుని పాడుతూ తయారైన గొంతు అది. అక్కడ అతను పాకిస్తాన్ గాయకుడు నుస్రత్ ఫతే అలీ ఖాన్ ఖవ్వాలీని ఉర్దూలోనే పాడిన రికార్డింగ్ ఉంది. నా ఎల్విస్ ఆయనే అని నుస్రత్ గురించి చెప్పుకునేవాడు. ‘గ్రేస్’లో అతను ఒక అక్షరం మీద నిలబడి స్వరాన్ని తిప్పుకుంటూ పైకి వెళ్తుంటే అది ఎక్కణ్ణుంచి వచ్చిందో మనవాళ్లకి వెంటనే తెలుస్తుంది, తెలుగు పత్రికలో రాయాల్సింది ఇదే కదా.

మొండితనం కూడా ఉంది. కొలంబియా రికార్డు కంపెనీ సింగిల్‌గా, అంటే విడిపాటగా వేద్దామనుకున్న ‘ఫర్గెట్ హర్’ని తీసేసి ఆ చోట, బ్యాండ్‌లోకి కొత్తగా వచ్చిన గిటారిస్ట్ మైకేల్ టైతో కలిసి రాసిన ‘సో రియల్’ పెట్టాడు. మొదటి ఆల్బమ్ చేస్తున్న మనిషి అంత పెద్ద కంపెనీకి ఎదురు చెప్పాడు! తీసేసిన పాట అతను పోయాక, 2004లో గానీ బయటికి రాలేదు.

1994 ఆగస్టులో వచ్చిన ఈ ఆల్బమ్ అప్పట్లో అమెరికా చార్టులో 149వ స్థానం దాటి పైకి పోలేదు. మీ సినిమా పేజీ లెక్క ప్రకారం ఫ్లాప్. ఈ రోజుకీ వింటున్నారు, దాన్ని విని పాటలు రాయడం మొదలుపెట్టినవాళ్లు దేశదేశాల్లో ఉన్నారు.

ఇంత చెప్పడానికి కారణం, ఇప్పుడు హైదరాబాద్‌లో, వైజాగ్‌లో మన పిల్లలు సినిమాతో సంబంధం లేకుండా సొంతంగా పాటలు రాసుకుని, బెడ్‌రూమ్‌లోనే రికార్డు చేసుకుని ఆల్బమ్‌లు వేస్తున్నారు. వాళ్ల గురించి ఎప్పుడైనా రాస్తే ఎన్ని వ్యూస్ వచ్చాయి, ఏ సినిమాలో ఛాన్స్ వచ్చింది అనే రాస్తారు, పాటలో ఏముందో రాయరు. ఆల్బమ్ మొదటినుంచి చివరిదాకా విన్నవాళ్ల చేత రాయించండి, పాటల పేర్లు వేయండి, వాయించినవాళ్ల పేర్లు వేయండి. వారానికి ఒక్క ఆల్బమ్‌కి పావు పేజీ ఇచ్చినా చాలు.

— మీ పాఠకుడు, విజయవాడ