కోకా సుబ్బారావు గారి తీర్పును తెలుగులో చదవనివ్వండి

గౌరవనీయులైన ఉపకులపతి గారికి,

నమస్కారం. జస్టిస్ కోకా సుబ్బారావు గారి ముఖ్యమైన తీర్పులను తెలుగు చేయించమని మీ కార్యాలయానికి మూడు విజ్ఞాపనలు పంపాను. జవాబు రాలేదు. అందుకే నలుగురి ముందు రాస్తున్నాను.

1902లో రాజమహేంద్రవరంలో పుట్టిన ఆయన 1954లో ఆంధ్ర హైకోర్టుకు తొలి ప్రధాన న్యాయమూర్తి అయ్యారు, 1966లో భారత ప్రధాన న్యాయమూర్తి. ప్రాథమిక హక్కులను పార్లమెంటు తగ్గించలేదన్న 1967 నాటి గోలక్‌నాథ్ తీర్పునే అందరూ తలుచుకుంటారు. నా దృష్టిలో ఖరక్ సింగ్ కేసు అంతకన్నా పెద్దది. అర్ధరాత్రి పోలీసులు తలుపు తట్టి, మనిషి ఇంట్లో ఉన్నాడో లేడో చూసుకునే నిఘా నిబంధనల మీద సుప్రీంకోర్టులో నడిచిన కేసు అది. మెజారిటీ న్యాయమూర్తులు ఆ తలుపు తట్టడాన్ని కొట్టేసి, మిగతా నిఘాను ఉంచారు. నిఘా మొత్తం చెల్లదని, గోప్యత వ్యక్తి స్వేచ్ఛలో భాగమేనని 1962లోనే ఆయన విడిగా రాశారు. 2017లో తొమ్మిదిమంది న్యాయమూర్తుల ధర్మాసనం ఆ మాటే నిలబెట్టింది.

తెలుగు మాధ్యమంలో చదివి వచ్చిన మా విద్యార్థిని ఒకరు ఈ తీర్పు అంచుల్లో పెన్సిలుతో అర్థాలు రాసుకుంటూ రెండో పేజీలోనే ఆగిపోయింది. చివరికి గైడు బట్టీ పట్టింది. తప్పు ఆ పిల్లది కాదండీ.

వచ్చే విద్యాసంవత్సరానికి కనీసం ఆ ఒక్క భిన్నాభిప్రాయాన్నైనా తెలుగులో పాఠ్యాంశంగా చేర్చండి. నెలలోగా లిఖితపూర్వకంగా జవాబివ్వండి.

భవదీయుడు,
ఒక న్యాయశాస్త్ర అధ్యాపకుడు