కన్ను ఎర్రబడితే కలక అని రాసేస్తే ఎలా?

ఎడిటర్ గారికి నమస్కారం అండి,

మాది ఒడిశాలో గజపతి జిల్లా, పర్లాకిమిడి. ఇంట్లో తెలుగే మాట్లాడతాం, తెలుగు పేపరే చదువుతాం, ఒంట్లో బాగోకపోతే పాతపట్నం దాటి శ్రీకాకుళమో వైజాగో పరిగెడతాం. నేను చేసేది మెడికల్ కోడింగ్ పని. అంటే అమెరికాలో ఒకాయన డాక్టర్ దగ్గరికి వెళ్తే ఆ డాక్టర్ రాసిన నోట్స్ మొత్తం చదివి అందులో ఉన్న జబ్బుకి ఐసీడీ కోడ్ (ఐసీడీ అంటే ఒక్కో జబ్బుకి ఒక్కో నంబర్ ఇచ్చిన పుస్తకం) వెయ్యడం, ఆ కోడ్ చూసే అక్కడ ఇన్సూరెన్స్ కంపెనీ డబ్బులిస్తుంది. బీఫార్మసీ, బీఎస్సీ చదివి అమీర్‌పేటలో కోర్సు చేసి ఈ పనిలో ఉన్న మన తెలుగు పిల్లలు చాలామందే ఉన్నారు. నాకు వచ్చేవి ఎక్కువగా కంటి చార్టులు. రోజంతా ఆ చార్టులు చూసి, మా చుట్టుపక్కల జనం చేతుల్లో, కన్ను ఎర్రబడితే చాలు కలక అని రాసేసిన ఓపీ చీటీలు చూస్తే కడుపు తరుక్కుపోతుందండి, అందుకే ఈ ఉత్తరం రాస్తున్నా.

అక్కడ పద్ధతి ఎలా ఉంటదో ముందు చెప్తాను. కంటి లోపల రంగు పొర ఉంటది కదా, నల్లగుడ్డు వెనకాల, దానికి వాపు వస్తే యువైటిస్ అంటారు, ముందు భాగంలో వస్తే కోడ్ హెచ్20. వేరే కారణం ఏదీ లేకుండా కుడి కంటికి వస్తే హెచ్20.011, ఎడమ కంటికైతే హెచ్20.012, రెండిటికీ అయితే చివర 3 పడుద్ది. తగ్గిపోయి మళ్ళీ వచ్చిందనుకోండి కోడే మారిపోద్ది, హెచ్20.02 వరసలోకి వెళ్తుంది. ఇన్ఫెక్షన్ వల్లైతే 03, ఇన్ఫెక్షన్ కాని వేరే కారణం వల్లైతే 04, కంట్లో చీము అడుగున పేరుకుంటే 05. డాక్టర్ ఏ కన్నో రాయడం మర్చిపోతే నా ఇష్టమొచ్చినట్టు కుడి అని వేసెయ్యడానికి లేదు, వెనక్కి పంపించి అడగాలి. ఓపీ కేసులో డాక్టర్ అనుమానంగా ఉంది అని మాత్రమే రాస్తే ఆ జబ్బు కోడ్ వెయ్యకూడదు, నొప్పి ఉంటే నొప్పి కోడ్, చూపు మసకైతే మసక కోడ్, అంతే. తెలియనిది తెలిసినట్టు రాయకూడదన్నది మాకు నేర్పే మొదటి పాఠం.

మా దగ్గర చీటీ మీద ఏముంటదో చూడండి. పైన ప్రింట్ ఒడియాలో, డాక్టర్ గారి రాత ఇంగ్లిష్‌లో, కంజంక్టివైటిస్, అదే కళ్ళకలక, అని ఒక ముక్క, కింద రెండు డ్రాప్స్ పేర్లు. ఏ కన్ను? ఉండదు. ఎన్నాళ్ళ నుంచి? ఉండదు. మొదటిసారా మళ్ళీ వచ్చిందా? ఉండదు. కంప్యూటర్‌లోకి ఎక్కించే చోట హెచ్10.9 అని పడిపోతది, అంటే కలకే కానీ ఏ రకమో చెప్పలేం అని అర్థం. కన్ను ఎర్రగా ఉన్నవాళ్ళందరూ ఆ ఒక్క నంబర్‌లోకి వెళ్ళిపోతే ఇంక లోపల ఎవరికి ఏముందో ఎవరికి తెలుస్తుంది?

ఇక్కడ అసలు ప్రమాదం ఏంటంటే కన్ను ఎర్రబడే జబ్బులు చాలా ఉన్నాయి, వాటి మందులు ఒకదానికొకటి పడవు. కలక అంటే పుసి కడతది, రెప్పలు అంటుకుపోతాయి, దురద, నీళ్ళు, కానీ చూపు మామూలుగా చెడదు, చాలావరకు ఒకటి రెండు వారాల్లో తగ్గిపోద్ది, 2023 వానాకాలంలో దేశమంతా వచ్చింది చూశాం కదా. యువైటిస్ అలా కాదు, పుసి ఉండదు, లోపల నుంచి సలుపు, వెలుతురు చూడలేరు, చూపు మసక, ఎరుపు నల్లగుడ్డు చుట్టూతా గట్టిగా కనపడతది. దానికి స్టెరాయిడ్ డ్రాప్స్ వెయ్యాలి, కంటిపాప పెద్దదయ్యే డ్రాప్స్ వెయ్యాలి, లేదంటే లోపలి పొర వెళ్ళి లెన్స్‌కి అతుక్కుపోద్ది. మూడోది నల్లగుడ్డు మీద పుండు, హెచ్16.0, వరికోతలప్పుడు ఆకు గీసుకున్నా, నూర్పిళ్ళప్పుడు ఊక పడినా వచ్చేది, మా రైతుల్లో ఇది చూడని ఇల్లు ఉండదేమో. అది ఫంగస్ వల్ల వచ్చిన పుండైతే స్టెరాయిడ్ వేస్తే కన్ను పోయే దాకా వెళ్ళొచ్చు. ఒకదానికి ప్రాణం పోసే మందు ఇంకోదానికి విషం అన్నమాట. మా సంతల దగ్గర మెడికల్ షాపుల్లో కన్ను ఎర్రగుందండీ అంటే చాలు యాంటీబయాటిక్, స్టెరాయిడ్ కలిసిన డ్రాప్స్ చేతిలో పెట్టేస్తారు, చీటీ మీద కలక అని ఉంటే అడిగేవాళ్ళు కూడా ఉండరు.

మా చిన్నాన్న సంగతి చెప్తాను, ఆసుపత్రి పేరు చెప్పను, నా బాధ ఒక డాక్టర్ మీద కాదు కాబట్టి. ఆయనకి ఎడమ కన్ను ఎర్రబడేది, సలిపేది, డ్రాప్స్ వేస్తే తగ్గేది, కొన్నాళ్ళకి మళ్ళీ వచ్చేది. వెళ్ళిన ప్రతిసారీ కొత్త చీటీ, ప్రతి చీటీ మీదా కలకే. ఒకే కంటికి, అంత నొప్పితో, పుసి లేకుండా, పదే పదే కలక ఏంటి అని ఎవరికీ తట్టలేదు ఎందుకంటే ముందు చీటీలో ఏ కన్నో లేదు, మళ్ళీ వచ్చిందన్న మాట లేదు. చూపు బాగా తగ్గిపోయాక వైజాగ్ తీసుకెళ్తే అక్కడ డాక్టరమ్మ స్లిట్ ల్యాంప్ కింద, అంటే కంటి లోపల పెద్దది చేసి చూపించే మెషిన్ కింద చూసి, లోపల పొర అతుక్కుపోయింది బాబూ, శుక్లం కూడా వచ్చేసింది, ఇది ఎన్నిసార్లు వచ్చింది, స్టెరాయిడ్ ఎప్పుడు వాడారు అని అడిగారు. మేం చీటీలన్నీ ఇచ్చాం, ఆవిడకి వాటిలో పనికొచ్చే ముక్క ఒక్కటి దొరకలేదు. తర్వాత ఆవిడ పొద్దున్నే లేవగానే నడుం పట్టేస్తుందా అని అడిగితే చిన్నాన్న అవునమ్మా ఎన్నో ఏళ్ళ నుంచి అన్నారు. రక్తపరీక్ష చేస్తే హెచ్ఎల్ఏ బీ27 అనే జన్యువు ఉందని వచ్చింది, నడుం ఎముకల వాతం, కంటి వాపు రెండూ ఒక్క గూటివే అని అప్పుడు తెలిసింది. నడుం నొప్పికి ఒక చోట, కంటికి ఒక చోట తిరిగాడు మనిషి, రెండూ కలిపి రాసిన కాగితం ఒక్కటంటే ఒక్కటి లేదు.

ఇంకో సంగతి ఉంది, ఇది బయటకి కనపడదు. 2018లో ఆయుష్మాన్ భారత్ వచ్చింది, కుటుంబానికి ఏడాదికి 5 లక్షలు అన్నారు, ఒడిశా కూడా 2025లో అందులో చేరింది, మంచిదే. కానీ ఆ పథకం ఆసుపత్రిలో చేరిన వాళ్ళకి, ఆపరేషన్లకి. యువైటిస్ అన్నది ఎక్కువగా ఓపీలో చూసే జబ్బు, డ్రాప్స్‌తో నడిచేది, అంటే అది ఆ లెక్కల్లోకి రాదు. ఎప్పుడొస్తుంది? ముదిరి శుక్లం పడి ఆపరేషన్‌కి వచ్చినప్పుడు. అప్పుడు శుక్లం ఆపరేషన్ల లెక్కలో ఇంకోటి కలుస్తుంది. ఐసీడీలో ముసలితనం వల్ల వచ్చే శుక్లానికి హెచ్25, వేరే కంటి జబ్బు వల్ల వచ్చిన శుక్లానికి హెచ్26.2, వాపు వల్ల వచ్చిన నీటికాసులకి హెచ్40.4 అని విడివిడిగా ఉన్నాయి, అవి సరిగ్గా వేస్తే ఈ శుక్లం వెనక ఒక వాపు ఉంది, దాన్ని ముందే ఆపి ఉండొచ్చు అని కాగితమే చెప్తుంది. అన్నీ హెచ్25లో వేసేస్తే నలభై ఏళ్ళ మనిషి శుక్లం కూడా ముసలాయన శుక్లం పక్కన కలిసిపోతది.

లెక్క సరిగ్గా ఉంటే ఏమవుద్దో తమిళనాడులో జరిగింది. 1993లో మధురై వైపు పెద్ద వరదలొచ్చాయి, తర్వాత 1994లో అక్కడి కంటి ఆసుపత్రికి యువైటిస్ కేసులు ఒక్కసారిగా పెరిగాయి. డాక్టర్లు వాటిని కలక అని పంపించెయ్యలేదు, ఒకచోట పెట్టి చూశారు, రక్తం పరీక్షలు చేశారు, అవి లెప్టోస్పైరోసిస్ వల్ల వచ్చినవని పట్టుకున్నారు, ఎలుకల మూత్రం కలిసిన వరద నీళ్ళలో దిగిన వాళ్ళకి వచ్చే జ్వరం అది. జ్వరం తగ్గిపోయిన కొన్ని నెలలకి కంట్లో బయటపడుద్ది. ఇప్పుడు మా వైపు ఆలోచించండి. 2018 అక్టోబర్‌లో తిత్లీ తుఫాను శ్రీకాకుళం జిల్లాని, మా గజపతి జిల్లాని ఎలా ముంచేసిందో మీ పేపర్లోనే చదివాం, కొండచరియలు పడి ఊళ్ళకి ఊళ్ళు ఏడ్చాయి, రోజుల తరబడి జనం ఆ నీళ్ళలో బురదలో నడిచారు. ఆ తర్వాత నెలల్లో మా దగ్గర ఎంతమందికి కంటి లోపల వాపు వచ్చింది అని ఎవరైనా అడిగితే చూపించడానికి ఏముంది? హెచ్10.9 చీటీల కట్టలు. లెప్టోస్పైరోసిస్‌కి ఏ27 అనే కోడ్ ఉంది, దానికి తోడుగా కంటి వాపుకి హెచ్22.0 అనే కోడ్ ఉంది, రెండూ జంటగా వెయ్యమని ఐసీడీ పుస్తకమే చెప్తుంది. కంటి టీబీకి ఏ18.5, కంటి హెర్పిస్‌కి బీ00.5. ఇవన్నీ ప్రపంచ ఆరోగ్య సంస్థ 1990లో ఒప్పుకున్న పుస్తకంలోనే ఉన్నాయి, కొత్తవి కావు. 2022 జనవరి నుంచి ఐసీడీ 11 కూడా అమల్లోకి వచ్చింది, అందులో ఏ కన్నో చెప్పడానికి విడిగా ట్యాగ్ కూడా పెట్టారు.

మన దేశం చెయ్యలేదా అంటే చేసింది. ట్రకోమా, అంటే రెప్పల లోపల కురుపులు కట్టే అంటు జబ్బు, దాని మీద 1963 నుంచి పోరాటం నడిచింది, 1976లో అంధత్వ నివారణ కార్యక్రమంలో కలిపారు, ఊరూరా పిల్లల రెప్పలు తిప్పి చూసి లెక్క రాశారు, 2024 అక్టోబర్‌లో ఇండియాలో అది ప్రజారోగ్య సమస్యగా లేదని ప్రపంచ ఆరోగ్య సంస్థ ప్రకటించింది. ఎక్కడెక్కడ ఉందో తెలిసింది కాబట్టే అక్కడికి మందు చేరింది.

పీహెచ్‌సీలో ఒక్క డాక్టర్, బయట జాతరలాగా జనం, స్లిట్ ల్యాంప్ లేదు, ఆయన యువైటిసా కాదా ఎలా తేలుస్తాడు అని ఎవరైనా అడగొచ్చు. నిజమే, తేల్చమని నేను అనట్లేదు. తేల్చలేనప్పుడు కలక అని మాత్రం రాయొద్దు అంటున్నా. కంటి నొప్పికి హెచ్57.1 ఉంది, వెలుతురు చూడలేకపోవడానికి హెచ్53.1 ఉంది, అవి వేసి పెద్దాసుపత్రికి పంపించండి, అది అబద్ధం కాదు, అవతల చూసే డాక్టర్‌కి దారి చూపిస్తుంది. ఒక రబ్బర్ స్టాంపు చేయిస్తే సరిపోద్ది, కుడి ఎడమ, నొప్పి ఉందా, చూపు తగ్గిందా, ముందెప్పుడైనా వచ్చిందా, స్టెరాయిడ్ వేశారా, టిక్కులు పెట్టడానికి నర్సమ్మ చాలు, నిమిషం పట్టదు. కోడ్ వెయ్యడానికి డేటా ఎంట్రీ చేసే పిల్లలకి నేర్పించండి, మా వైపు డిగ్రీలు చదివి ఖాళీగా ఉన్నవాళ్ళు ఎంతమందో, అమెరికావాళ్ళ కళ్ళకి అంత శ్రద్ధగా కోడ్ వేసే చేతులు మన అమ్మానాన్నల కళ్ళకి వెయ్యలేవా?

సరిహద్దులో ఉన్నవాళ్ళకి ఇది ఇంకా ఎక్కువ అవసరం. భువనేశ్వర్ దూరం, బరంపురం కొంచెం దగ్గర, శ్రీకాకుళం వైజాగ్ మా భాష. ఒక చోట మొదలుపెట్టిన వైద్యం ఇంకో రాష్ట్రంలో పూర్తి చేసుకునే బతుకులు మావి. రాయగడ, గుణుపూర్, కోరాపుట్ తెలుగువాళ్ళదీ ఇదే వరస, అటు మహారాష్ట్రలో సిరోంచ వాళ్ళు గోదావరి దాటి తెలంగాణ ఆసుపత్రులకి వస్తారు, వాళ్ళ చీటీ మీద మరాఠీ ఉంటది. కోడ్ ఒక్కటే ఏ భాషవాళ్ళు చదివినా ఒకేలా ఉంటుంది. రెండు రాష్ట్రాల ఆరోగ్య శాఖల అధికారులు, గజపతి, శ్రీకాకుళం, పార్వతీపురం మన్యం జిల్లాల వాళ్ళు ఒకసారి కూర్చుని కంటి ఓపీ చీటీకి ఒకే నమూనా పెట్టుకుంటే చాలు, దీనికి కోట్లు అక్కర్లేదు.

మీ పేపర్ ఆరోగ్యం పేజీలో కలకకి, యువైటిస్‌కి, నల్లగుడ్డు పుండుకి తేడా ఏంటో ఒక కంటి డాక్టర్ చేత రాయించి వెయ్యమని కోరుతున్నా, వానలు మొదలయ్యేలోపే వేస్తే ఇంకా మంచిది. చదివేవాళ్ళకి నాదొక మనవి, కంటికి చూపించుకున్నాక చీటీ చేతికి రాగానే ఏ కన్నో రాశారా లేదా చూసుకోండి, రాయకపోతే అక్కడే నిలబడి అడిగి రాయించుకోండి, మళ్ళీ వచ్చిందని మీరే చెప్పి అది కూడా రాయించండి, పాత చీటీలు, వాడిన డ్రాప్స్ డబ్బాలు పారెయ్యకుండా ఒక కవర్లో పెట్టి వెళ్ళిన ప్రతి చోటికీ పట్టుకెళ్ళండి.

ఇట్లు,
ఒక మెడికల్ కోడర్,
పర్లాకిమిడి, గజపతి జిల్లా, ఒడిశా