కారుణ్య నియామకంలో నాకు తోడు నిలిచినవారికి కృతజ్ఞతలు

మావారు ప్రభుత్వోద్యోగంలో ఉండగానే గుండెపోటుతో కాలం చేశారు. అలా పోయినవారి ఇంట్లో ఒకరికి ప్రభుత్వం ఇచ్చే కారుణ్య నియామకం కింద నాకు ఆఫీస్ సబార్డినేట్ పోస్టు మంజూరై, ఈ నెల 1వ తేదీన విశాఖపట్నంలోనే విధుల్లో చేరాను. ఇందుకు కారణమైనవారికి నలుగురి ముందూ కృతజ్ఞతలు చెప్పుకోవాలని ఇది రాస్తున్నాను.

మావారు పోయాక తొమ్మిది నెలల పాటు నేను దరఖాస్తే పెట్టలేదు. ఉద్యోగం అబ్బాయి పేరున ఉండిపోతుందని, వాడు పెద్దవాడయ్యాక అడిగి తీసుకోవచ్చని బంధువులు చెప్పిన మాట నమ్మాను. అప్పటికి మావాడి వయసు పద్నాలుగేళ్లు. ఎం.వి.పి. కాలనీ రైతుబజారులో ఒకనాడు మా పక్క వీధి బాబాయిగారు కనిపించి యోగక్షేమాలు అడిగితే ఈ సంగతే చెప్పాను. ఆయన సూపరింటెండెంటుగా పనిచేసి రిటైరైన మనిషి. కూరల సంచీ కింద పెట్టి, "మీ ఆయన పోయిన తారీఖు చెప్పమ్మా" అని, వేళ్ల మీద లెక్కపెట్టి, "ఇంకా మూడు నెలలే ఉంది" అన్నారు.

ఆంధ్రప్రదేశ్‌లో ఈ పథకానికి మూలం 1977 అక్టోబరు 3న వచ్చిన జీవో 687 అనీ, ఉద్యోగి మరణించిన ఏడాదిలోగా దరఖాస్తు చేయాలనీ, భార్య లేదా భర్త, కొడుకు, పెళ్లికాని కూతురు అర్హుల్లో ముందుంటారనీ, మైనరు పిల్లలైతే మరణించిన తేదీ నుంచి రెండేళ్లలోగా పద్దెనిమిదేళ్లు నిండితేనే పరిశీలిస్తారనీ ఆయన విడమర్చి చెప్పారు. మావాడికి పద్దెనిమిది నిండడానికి నాలుగేళ్లు కావాలి కాబట్టి వాడి కోసం ఆగితే ఎవరికీ రాదు. పైగా ఇది వారసత్వపు ఆస్తి కాదు. సంపాదించే మనిషి హఠాత్తుగా పోయిన ఇల్లు గడ్డు కాలాన్ని దాటడానికే ఈ నియామకమని, దాన్ని హక్కుగా కోరలేమని 1994లో సుప్రీంకోర్టు ఉమేష్ కుమార్ నాగ్‌పాల్ కేసులో చెప్పింది. నిజానికి ఆ మాట విన్నప్పుడు నాకు కష్టంగానే తోచింది. కానీ గడువు దాటితే ఎవరికీ రాదన్న భయమే నన్ను కదిలించింది.

అక్కడి నుంచి కాగితాల పని మొదలైంది. మరణ ధ్రువీకరణ పత్రం, కుటుంబ సభ్యుల ధ్రువపత్రం, నా పదో తరగతి సర్టిఫికెట్, ఉద్యోగం నాకు ఇవ్వడానికి అభ్యంతరం లేదని మా అత్తగారి అఫిడవిట్, ఆవిడనూ పిల్లవాణ్నీ పోషిస్తానని నా హామీపత్రం అన్నీ సిద్ధమయ్యాక, బాబాయిగారు భూతద్దం పెట్టి చూస్తే మావారి ఇంటిపేరు ఆధార్‌లో పూర్తిగా, సర్వీసు రిజిస్టరులో ఒక్క పొడి అక్షరంగా ఉంది. ఇద్దరూ ఒక్కరేనని మరో అఫిడవిట్ రాయించాల్సి వచ్చింది. అది అప్పుడే పట్టుకోకపోతే ఫైలు ఎన్నిసార్లు తిరిగొచ్చేదో!

ఈ మధ్యలో ఒక పెద్దమనిషి "పోస్టు ఖాయం చేయిస్తా"నని రెండు లక్షలు అడిగాడు. బాబాయిగారు వద్దని గట్టిగా చెప్పకపోయి ఉంటే, పుస్తెలతాడు తాకట్టు పెట్టడానికి కూడా సిద్ధపడి ఉన్నాను.

మా వార్డు సచివాలయంలో మూడుసార్లు తప్పులు దిద్దించి విసుక్కోకుండా దరఖాస్తు పంపిన అమ్మాయికి, పాత గదిలో దుమ్ము దులిపి సర్వీసు రిజిస్టరు వెతికి తీసిన మావారి తోటి ఉద్యోగులకు, వేలిముద్ర వేసేటప్పుడు చేయి వణుకుతున్నా "నా కోడలికే ఇవ్వండి" అన్న మా అత్తగారికి రుణపడి ఉంటాను. బాబాయిగారికి మాత్రం ధన్యవాదమన్న మాట చాలదు. తేదీలన్నీ ఎర్ర సిరాతో రాసి ఆయన నాకిచ్చిన నోటుబుక్కును, మా కొత్త ఆఫీసులోని ఒక సహోద్యోగి చెల్లెలికి నిన్న సాయంత్రం ఇచ్చాను. ఆ అమ్మాయి భర్త పోయి ఏడు నెలలైంది.