బెర్గెన్ నుంచి బాపుకు

బాపూ, అవ్వా,

నేను బాగానే ఉన్నాను. వేళకు తింటున్నాను, నిద్ర పడుతోంది, జ్వరం లేదు. ఫోన్‌లో నా గొంతు మారిందని అవ్వ బెంగ పెట్టుకుందట, వదిన చెప్పింది. ఈ ఊళ్ళో ఏడాదిలో సగానికి పైగా రోజులు వానే. గొంతు మారక ఏం చేస్తుంది? వేడినీళ్ళు తాగుతున్నాను, ఉన్ని టోపీ తీయడం లేదు. అవ్వకు ఈ ముక్క రెండుసార్లు చదివి చెప్పు: నా పని మంచు మీద కాదు, మంచు కరిగి వెనక్కి పోయాక మిగిలిన రాళ్ళ దగ్గర. జారి పడేంత లోయలేవీ లేవు.

చిన్నోడి కథ వాట్సాప్‌లో చదివాను. బళ్ళో మరాఠీ సార్ అందరి ముందు చదివించారట కదా. ఏ రాయి మీద చల్లితే ఆ రాయి చూసిన కాలమంతా తేదీలతో సహా మ్యాప్‌లా తేలే కాలబూజు, దాన్ని కనిపెట్టింది నార్వేలో ఉన్న వాళ్ళ అత్త! కథలో నేను గడ్డపార పట్టుకుని మంచుకొండ పగలగొడుతున్నాను. వాడి ఊహకు ముద్దొచ్చింది. కానీ కిరాణా కొట్టు దగ్గర దాన్ని నిజమనుకుని, తాతల నాడు పాతిపెట్టిన బంగారం చూపిస్తుందా అని అన్నను అడిగారట. చూపించదు. అలాంటి పొడి గానీ మందు గానీ లేదని చెప్పండి, లేకపోతే రేపు నేనొచ్చినప్పుడు మన వాకిట్లో జాతర అవుతుంది.

అయితే వాడు మరీ గాల్లోంచి పుట్టించలేదు. పోయినసారి వీడియో కాల్‌లో నేను చూపించిన రాయి వాడికి గుర్తుండిపోయింది. వాడికి తెలుగు అక్షరాలు ఇంకా కూడబలుక్కోవడమే కదా, ఇది నువ్వే చదివి వినిపించు. ఆ రాయి మీదున్నది లైకెన్. శిలీంధ్రం, నాచు రెండూ ఒకే కాపురం పెట్టి బతికేది. అవ్వ మసాలాలో వేయించి వేసే దగడ్‌ఫూల్, అదే రాతిపువ్వు, అది కూడా లైకెనే. మేము కొలిచేదాని పేరు రైజోకార్పన్. పసుపు కలిసిన పచ్చ రంగు, అంచున నల్ల గీత. పక్కపక్కన పెరిగినవి ఒకదానికొకటి తగిలిన చోట ఆ నల్ల గీతలే మిగిలి, రాయంతా అట్లాస్‌లో జిల్లాల పేజీలా కనిపిస్తుంది. గడ్చిరోలి జిల్లాలో మన సిరొంచ ఎక్కడుందా అని నేను వెతుక్కుంటాను కూడా. ఇది చలిప్రాంతాలది, మన ఎండలకు బతకదు.

పెరగడం మహా నెమ్మది. చాలా చోట్ల ఏడాదికి అర మిల్లీమీటరు కూడా ఉండదు. రాయి బయటపడ్డాక కొన్నేళ్ళకు గానీ అసలు మొలవదు. కాబట్టి మంచు వదిలేసి పోయిన ఒక రాళ్ళ కట్ట మీద అన్నింటికన్నా పెద్ద మచ్చ వెతికి కొలిస్తే, ఆ కట్ట ఎప్పటిదో సుమారుగా చెప్పవచ్చు. ఏ సైజుకు ఎన్నేళ్ళు అన్నది మాత్రం ఊహించి చెప్పేది కాదు, తేదీ తెలిసిన రాళ్ళతో సరిచూసుకోవాలి. 1950 ప్రాంతంలో రోలాండ్ బెషెల్ అనే ఆస్ట్రియా ఆయన దీనికోసం సమాధి రాళ్ళ చుట్టూ తిరిగాడు. వాటి మీద చెక్కిన ఏడాది ఉంటుంది కదా. ఒక దేశంలో వేసిన లెక్క ఇంకో దేశంలో పనికిరాదు. వాన మారితే, చలి మారితే పెరుగుదల మారిపోతుంది.

పాచి కొలవడానికి అంత దూరం పోవాలా అని మామ అన్నాడట. అననీ. ఇక్కడి పెద్దవాళ్ళే అన్నారు. ఇది అసలు సైన్సేనా అని 2015లో కొందరు శాస్త్రజ్ఞులు గట్టిగా రాశారు. రెండు మచ్చలు కలిసిపోయి ఒకటే పెద్దదిగా కనిపిస్తే లెక్క తప్పుతుంది, నిజమే. అందుకే మా మేడమ్ ఒక్క కొలత మీద ఏదీ తేల్చదు. పాత కాగితాలు తీయమంటుంది, పాత బొమ్మలు చూడమంటుంది. మామకు ఇదంతా చెప్పకు. జీతం నెలనెలా వస్తోందని మాత్రం చెప్పు.

ఆ పాత కాగితాల సంగతి నీకు చెప్పాలి బాపూ. ఇక్కడ యోస్టెడాల్ అనే లోయ ఉంది. అక్కడి మంచునది (గ్లేసియర్) 1700ల్లో ఏటేటా కిందికి దిగుతూ వచ్చి, 1743లో నిగార్డ్ అనే పొలాన్ని ఇల్లుతో సహా మింగేసింది. 1748 దాకా వచ్చి ఆగింది. పొలాలు పోయిన ఆ లోయ రైతులు పన్ను తగ్గించమని అర్జీలు పెట్టుకున్నారు, అధికారులు వచ్చి చూసి రాసిపెట్టారు. అంటే పంచనామానే! మంచు ఎప్పుడు ఎక్కడిదాకా వచ్చిందో ఇవాళ మేము చెప్పగలుగుతున్నామంటే ఆ రైతుల అర్జీల పుణ్యం. అది చదివిన రాత్రి నాకు నిద్ర పట్టలేదు. మేడిగడ్డ బ్యారేజీ బ్యాక్‌వాటర్ కింద పోయిన మన చేనే కళ్ళ ముందు కదిలింది. సాత్‌బారా (భూమి రికార్డు కాగితం) మీద అది ఇంకా మన పేరునే, ఇంకా జొన్న చేనే కదా?

అందుకే అన్న మాట విని కోపం వచ్చింది. ఇంటికి రంగులు వేయించాలి, గోడ పైనుంచి కిందిదాకా పూత పూయించాలి అంటున్నాడు. వేయించండి, పైసలు నేను పంపుతాను. కానీ వసారా గోడ మీద నువ్వు మేకుతో గీసిన వరద గీతల జోలికి పోవద్దు. 1986 గీత, దాని పైన 2022 గీత. భద్రాచలం దగ్గర గోదావరి 86లో 75.6 అడుగులు, 2022లో 71.3 అడుగులే వచ్చిందని రేడియో వాళ్ళు చెబితే, అక్కడ తక్కువైతే మాకేంటి, మా గోడ చూడండి అని ఊరందరితో వాదించావు. ఆ గోడ లేకపోతే రేపు ఎవరు నమ్ముతారు? పంచనామాకు వచ్చినవాళ్ళు ఆ గీతలు రాసుకోలేదని నువ్వే అన్నావు. అన్నతో నేను గట్టిగా మాట్లాడితే నొచ్చుకుంటాడు, నువ్వు నెమ్మదిగా చెప్పు. గీతల పక్కన స్కేలు పెట్టి ఫొటోలు తీయమను, నేల నుంచి ఎంత ఎత్తో టేపుతో కొలవమను. ఈ పని చిన్నోడికి అప్పగించు, సంబరంగా చేస్తాడు.

వాడికి ఇంకో మాట. వడదం పార్కులో రాయైపోయిన చెట్లు చూసొచ్చి నాకు ఫొటోలు పెట్టాడు. లైకెన్‌తో వాటి వయసు తెలియదని చెప్పు, ఇది వందల ఏళ్ళకు పనికొచ్చేది, అవి కోట్ల ఏళ్ళవి. మన పోచంపల్లి దగ్గర 1960 ప్రాంతంలో తవ్విన డైనోసార్‌కు 1975లో బారాపాసారస్ టాగోరై అని పేరు పెట్టారు, రవీంద్రనాథ్ టాగోర్ పేరు కలిపి. అస్థిపంజరం కోల్‌కతాలో ఉంది. తర్వాతి కథలో గడ్డపార దానికి వాడుకోమను.

పెళ్ళి సంగతి ఇప్పుడు ఎత్తకండి. మంచిర్యాల వాళ్ళు మంచివాళ్ళే, నేను కాదనలేదు. చదువు పూర్తి కానివ్వండి అంటున్నాను, అంతే. అవ్వ ఏడవకూడదు.

పుట్టగొడుగులు లేచాయా? ఇక్కడ కొట్లో తెల్లగా బొత్తాముల్లాంటివి దొరుకుతాయి, రుచీ పచీ ఉండదు. పచ్చిమిర్చి దంచి వేసినా మన పుట్ట మీది వాసన రాదు.

నీ బీపీ గోళీలు అయిపోవచ్చాయని వదిన అంది. గడ్చిరోలి రోడ్డు మీద ఆ బస్సులో ఒళ్ళు హూనం చేసుకోకు, వంతెన దాటి వరంగల్ పో. అన్నను తోడు తీసుకెళ్ళు, ఒక్కడివే పోవద్దు. పైసలు శుక్రవారం ఖాతాలో పడతాయి. ముందు నీ డాక్టరు, తర్వాత అవ్వ కళ్ళజోడు, మిగిలితేనే రంగులు.

ఉంటాను,
నీ బిడ్డ