ఆట తెర నిండా తెరుచుకోవాలంటే

ప్రియమైన శ్రీనివాస్‌కు,

నీ ఉత్తరం అందింది. ఇంట్లో అందరూ కులాసాగా ఉన్నారని చదివి సంతోషించాను. చెల్లెమ్మను అడిగానని చెప్పు. పిల్లవాడి కోసం కొన్న పాత ల్యాప్‌టాప్‌లో వైస్ సిటీ ఆట తెర మధ్యలో చిన్న పెట్టెలాగా తెరుచుకుంటోందనీ, ఒక్కోసారి అసలు తెరుచుకోకుండానే 640 బై 480 (అడ్డంగా 640, నిలువుగా 480 చుక్కలు) వీడియో మోడ్ దొరకలేదని ఒక సందేశం చూపించి ఆగిపోతోందనీ రాశావు. విండోస్ మొత్తం తీసేసి మళ్ళీ వేయాలని ఎవరో సలహా ఇచ్చారని కూడా రాశావు. దయచేసి ఆ పని చేయకు. ఆ ఆట కంప్యూటర్ల మీదికి వచ్చింది 2003లో. అప్పటి ఆటకూ ఇప్పటి తెరకూ మధ్య కుదరని లెక్కలు కొన్ని ఉన్నాయి. వాటిని ఒక్కొక్కటిగా కుదర్చవచ్చు.

అన్నిటికంటే ముందు నువ్వు చేయవలసింది ఆ చిన్న పెట్టెను జాగ్రత్తగా చూడడం. దాని పైభాగంలో ఆట పేరు, కుడివైపు మూసే గుర్తు ఉన్న పట్టీ కనిపిస్తోందా? లేక చుట్టూ నల్లగా ఉండి, మధ్యలో బొమ్మ మాత్రమే ఉందా? పట్టీ కనిపిస్తే ఆట నిజంగానే విండోలో నడుస్తోందని అర్థం. చుట్టూ నలుపే ఉంటే మాత్రం ఆట అప్పటికే ఫుల్ స్క్రీన్‌లో ఉంది. ఆ చిన్న బొమ్మను సాగదీసి తెరకు సరిపెట్టే పనిని గ్రాఫిక్స్ డ్రైవరు, అంటే తెర మీద బొమ్మలు చూపించే భాగాన్ని విండోస్‌తో కలిపి నడిపే ప్రోగ్రామ్, చేయడం లేదు, అంతే. ఈ రెండూ చూడడానికి ఒకేలా ఉన్నా వీటి చికిత్సలకు సంబంధమే లేదు. ఫుల్ స్క్రీన్ రావడం లేదని చెప్పేవాళ్ళలో చాలామంది ఈ తేడా చూడకుండానే దొరికిన చిట్కాలన్నీ వరసగా ప్రయోగిస్తారు, చివరికి ఏది పనిచేసిందో, ఏది చెడగొట్టిందో వాళ్ళకే తెలియదు. నువ్వు రాసినదాన్ని బట్టి నీది రెండో రకమేనని నాకు గట్టిగా అనిపిస్తోంది. ఎందుకంటే వైస్ సిటీ మొదటిసారి తెరిచినప్పుడు 640 బై 480లోనే మొదలవుతుంది, దాన్ని మనమే లోపలికి వెళ్ళి మార్చుకోవాలి.

ల్యాప్‌టాప్ అమ్మినవాళ్ళు విండోస్ 10 కొత్తగా వేసి ఇచ్చారన్నావు కాబట్టి, ముందుగా డ్రైవరు సంగతి తేల్చుకో. విండోస్ కీ, ఎక్స్ కలిపి నొక్కితే వచ్చే జాబితాలో డివైస్ మేనేజర్ తెరిచి, డిస్‌ప్లే అడాప్టర్స్ అన్నచోట ఏమి రాసి ఉందో చూడు. అక్కడ ఇంటెల్, ఎన్‌విడియా, ఏఎమ్‌డీ పేర్లలో ఏదో ఒకటి ఉండాలి. దాని బదులు మైక్రోసాఫ్ట్ బేసిక్ డిస్‌ప్లే అడాప్టర్ అని ఉంటే మూలం దొరికినట్టే. అది విండోస్ తనతో తెచ్చుకునే తాత్కాలిక డ్రైవరు. డెస్క్‌టాప్ కనిపించేలా చేయడం వరకే దాని పని. త్రీడీ ఆటలకు కావలసిన శక్తి దానికి లేదు, అది చూపించే రిజల్యూషన్ల, అంటే చుక్కల కొలతల, జాబితా కూడా చాలా కురచ. ల్యాప్‌టాప్ అడుగున అంటించిన మోడల్ నంబరు చూసి, తయారుచేసిన కంపెనీ సైటులోని సపోర్ట్ పేజీ నుంచే గ్రాఫిక్స్ డ్రైవరు దించుకో. డ్రైవర్లన్నీ ఒక్క దెబ్బతో వేసేస్తామని చెప్పుకునే ఉచిత ప్రోగ్రాముల జోలికి పోవద్దు. పిల్లవాడు వాడే యంత్రంలో అటువంటివి పెట్టడం నాకు ఏమాత్రం ఇష్టం లేదు.

డ్రైవరు సరిగ్గానే ఉండి కూడా ఆ వీడియో మోడ్ సందేశం వస్తూ ఉంటే, డాక్యుమెంట్స్ ఫోల్డరులో జీటీఏ వైస్ సిటీ యూజర్ ఫైల్స్ అనే మరో ఫోల్డరు ఉంటుంది, అందులోకి వెళ్ళు. అక్కడ జీటీఏ_వీసీ డాట్ సెట్ అనే చిన్న ఫైలు కనిపిస్తుంది. రిజల్యూషన్, శబ్దం, కీలు వంటి అమరికలన్నీ ఆట అందులోనే దాచుకుంటుంది. అందులోని అమరిక ఇప్పటి తెరకు కుదరకపోతే ఆట గడప దగ్గరే ఆగిపోతుంది. ఆ ఒక్క ఫైలును డెస్క్‌టాప్ మీదికి తరలించి ఆట తెరువు, కొత్త ఫైలును అదే తయారుచేసుకుంటుంది. పక్కనే ఉన్న మిగతా ఫైళ్ళను మాత్రం ముట్టుకోకు. పిల్లవాడు ఎంతవరకు ఆడాడో ఆ లెక్కంతా వాటిలోనే ఉంటుంది.

అప్పటికీ తెరుచుకోకపోతే ఆట అసలు ఫైలు మీద కుడి క్లిక్ చేసి, ప్రాపర్టీస్‌లో కంపాటిబిలిటీ అనే విభాగానికి వెళ్ళు. విండోస్ ఎక్స్‌పీ సర్వీస్ ప్యాక్ 3ని ఎంచుకోవడం, 640 బై 480లో నడపమని టిక్ పెట్టడం, ఫుల్ స్క్రీన్ ఆప్టిమైజేషన్లను ఆపమని టిక్ పెట్టడం, ఈ మూడూ అక్కడే ఉంటాయి. ఒకటి పెట్టి ఆట తెరిచి చూసి, ఫలితం లేకపోతే దాన్ని తీసేశాకే రెండోదానికి వెళ్ళు. అన్నీ ఒకేసారి పెడితే ఒకదానికొకటి అడ్డుపడే అవకాశం ఉంది.

ఇక నాకు అన్నిటికంటే ఇష్టమైన విషయానికి వస్తాను, అదే బొమ్మ కొలతల సంగతి. మనం ఇంటర్నెట్ సెంటర్లలో ఆడుకున్న రోజుల్లోని వెనక్కి పొడుచుకొచ్చిన లావుపాటి మానిటర్లలో గాజు తెర మీద ఎలక్ట్రాన్ల కిరణం గీతలు గీసుకుంటూ పోయేది. 640 బై 480 అన్నా, 1024 బై 768 అన్నా ఆ కిరణం తన అడుగులను మార్చుకుని తెరంతా నింపేది. ఇప్పటి ఎల్‌సీడీ తెరలో చుక్కలు ఫ్యాక్టరీలోనే లెక్కపెట్టి అమర్చి ఉంటాయి, వాటి సంఖ్య మారదు. చిన్న బొమ్మ వస్తే దాన్ని ఎవరో ఒకరు పెంచాలి, లేదా అది అంతే చిన్నగా మధ్యలో నిలబడిపోతుంది. పైగా ఆనాటి తెరల వెడల్పు, ఎత్తుల నిష్పత్తి నాలుగుకు మూడు అయితే నీ ల్యాప్‌టాప్‌ది పదహారుకు తొమ్మిది. నాలుగుకు మూడు బొమ్మను బలవంతంగా తెర నిండా సాగదీస్తే కార్లు బల్లపరుపుగా, మనుషులు పొట్టిగా లావుగా, మూలనున్న గుండ్రటి మ్యాపు కోడిగుడ్డులాగా కనిపిస్తాయి. చాలామంది దాన్నే ఫుల్ స్క్రీన్ అనుకుని సంతోషిస్తారు. నేను మాత్రం ఒప్పుకోను. ఆ ఆటను గీసినవాళ్ళు ఎంతో శ్రద్ధతో పెట్టిన కొలతలవి. మీవాడు మొదటిసారి చూసేది వాళ్ళు గీసిన బొమ్మే కావాలని నా కోరిక.

నీ తెర 1366 బై 768 అని రాశావు కాబట్టి ఒక చక్కని సంగతి చెబుతాను. ఆటలో ఆప్షన్స్‌లోకి, అక్కడి నుంచి డిస్‌ప్లే సెటప్‌లోకి వెళ్ళి రిజల్యూషన్‌ను 1024 బై 768కి మార్చు. ఎత్తు 768 చుక్కలు, నీ తెర ఎత్తూ సరిగ్గా అంతే. అంటే బొమ్మను పెంచవలసిన అవసరమే లేదు, ఆటలోని ఒక్కో చుక్క తెర మీది ఒక్కో చుక్క మీద కూర్చుంటుంది, అక్షరాలు కత్తిరించినట్టు స్పష్టంగా కనిపిస్తాయి. కుడివైపు 171, ఎడమవైపు 171 చుక్కల మేర నల్లని అంచులు మిగులుతాయి. ఆట మొదలైన కాసేపటికి వాటి ధ్యాసే ఉండదు.

అలా రావాలంటే డ్రైవరులో బొమ్మను తెరకు ఎలా సరిపెట్టాలో చెప్పే స్కేలింగ్ అనే అమరిక సరిగ్గా ఉండాలి. ఎన్‌విడియా అయితే వాళ్ళ కంట్రోల్ ప్యానెల్‌లో డెస్క్‌టాప్ సైజు, పొజిషన్లను సవరించే పేజీలో ఆస్పెక్ట్ రేషియో (వెడల్పు, ఎత్తుల నిష్పత్తి) అన్నది ఎంచుకుంటే చాలు. ఇంటెల్‌లో ఒక తిరకాసు ఉంది, దాన్ని వివరంగానే రాస్తాను. ఇంటెల్ గ్రాఫిక్స్ ప్యానెల్ తెరిచి డిస్‌ప్లే పేజీకి వెళితే, డెస్క్‌టాప్ తన అసలు రిజల్యూషన్‌లో ఉన్నంతవరకు స్కేలింగ్‌కు సంబంధించిన ఎంపికలు సాధారణంగా కనిపించవు. అవి తన డ్రైవరులో లేవనుకుని చాలామంది అక్కడే వదిలేస్తారు. నువ్వు ముందుగా డెస్క్‌టాప్ రిజల్యూషన్‌నే 1024 బై 768కి తగ్గించు. అప్పుడు సెంటర్ ఇమేజ్, స్కేల్ ఫుల్ స్క్రీన్, మెయింటెయిన్ ఆస్పెక్ట్ రేషియో అనే ఎంపికలు బయటికి వస్తాయి. చివరిదాన్ని ఎంచుకుని అప్లై నొక్కి, డెస్క్‌టాప్‌ను మళ్ళీ 1366 బై 768కి తెచ్చుకో. తర్వాత ఏ ఆట రిజల్యూషన్ తగ్గించినా డ్రైవరు ఆ మాటను గుర్తుపెట్టుకుంటుంది. నీకు చుట్టూ నల్లగా, మధ్యలో చిన్నగా కనిపిస్తున్నదానికి ఈ సెంటర్ ఇమేజే కారణమై ఉండాలి.

ఆట మధ్యలో ఉన్నట్టుండి కిందికి దిగిపోయి డెస్క్‌టాప్ కనిపిస్తోందని కూడా రాశావు కదా. పాత ఆటల ఫుల్ స్క్రీన్ అంటే ఇల్లు మొత్తం తాళాలతో సహా ఒక్కరికే అప్పగించడం వంటిది. తెర రిజల్యూషన్‌తో సహా అన్నీ ఆట చేతిలోకి వెళతాయి. ఏ యాంటీవైరస్సో, అప్‌డేట్ ప్రోగ్రామో మధ్యలో ఒక కిటికీ తెరిచి ముందుకు వస్తే ఆట ఆ అధికారాన్ని వదులుకోవలసి వస్తుంది. ఆల్ట్, ట్యాబ్ కలిపి నొక్కినప్పుడు కొన్ని పాత ఆటలు తిరిగి లేవలేకపోవడానికీ ఇదే కారణం. ఆడేటప్పుడు వెనక నడిచే ప్రోగ్రాములను మూసేయడమే దీనికి మందు. ఇప్పటి ఆటల్లో చాలావరకు బోర్డర్‌లెస్ అనే పద్ధతి ఉంటుంది, అంచులు లేని విండోను తెరంత పరుస్తారు, పక్క ప్రోగ్రామ్‌లోకి వెళ్ళి రావడం సులువు. కొత్త ఆటలకు నేను దాన్నే ఎంచుకోమంటాను.

ఆటలో బోర్డర్‌లెస్ ఎంపిక ఉన్నా లేకపోయినా, విండోలో నడుస్తున్న ఆటను ఫుల్ స్క్రీన్‌కు తేవడానికి ముందుగా ఆల్ట్, ఎంటర్ కలిపి నొక్కి చూడు, మైక్రోసాఫ్ట్ గ్రాఫిక్స్ వ్యవస్థ అయిన డైరెక్ట్ ఎక్స్‌ను వాడే ఆటలు చాలావాటిలో ఇది పనిచేస్తుంది. స్టీమ్ అనే ఆన్‌లైన్ ఆటల దుకాణంలో కొన్న ఆట అయితే దాని ప్రాపర్టీస్‌లో లాంచ్ ఆప్షన్స్ అనే గడి ఉంటుంది. వాల్వ్ కంపెనీ తన సోర్స్ ఇంజిన్‌తో చేసిన ఆటలకు అక్కడ ఒక అడ్డగీత పెట్టి ఫుల్ స్క్రీన్ అని ఇంగ్లీషులో కలిపి రాస్తే సరిపోతుంది. ఆట అడుగు భాగం మీద టాస్క్‌బార్ అలాగే నిలబడిపోతే కంట్రోల్, షిఫ్ట్, ఎస్కేప్ నొక్కి, టాస్క్ మేనేజర్‌లో విండోస్ ఎక్స్‌ప్లోరర్‌ను రీస్టార్ట్ చేయి. మార్చిన అమరికలు మళ్ళీ తెరిచేసరికి పోతుంటే, ఆ పాత ఆటను ప్రోగ్రామ్ ఫైల్స్‌లో కాకుండా డీ డ్రైవులో వేరే ఫోల్డరులో వేసి చూడు. విండోస్ విస్టా వచ్చినప్పటి నుంచి ప్రోగ్రామ్ ఫైల్స్‌లో రాయడానికి మామూలు ప్రోగ్రాములకు అనుమతి లేదు.

మీ ఆఫీసు ల్యాప్‌టాప్‌లో పాత ఆట బొమ్మ పెద్దదైపోయి కుడి అంచు, కింది అంచు తెర బయటికి పోతున్నాయన్నావు. అది వేరే జబ్బు. ఆ తెర 1920 బై 1080, అక్షరాలు పెద్దగా కనిపించడానికి విండోస్ అక్కడ 125 శాతం స్కేల్ పెట్టి ఉంటుంది. ఆ సంగతి తెలియని పాత ఆటకు విండోస్ ఆ తెరను 1536 బై 864గా చూపిస్తుంది, లెక్క అక్కడే తప్పుతుంది. కంపాటిబిలిటీ విభాగంలోనే చేంజ్ హై డీపీఐ సెట్టింగ్స్ అన్నది తెరిచి, ఓవర్‌రైడ్ దగ్గర టిక్ పెట్టి, కింది జాబితాలో అప్లికేషన్ ఎంచుకుంటే సరిపోతుంది.

ఏజ్ ఆఫ్ ఎంపైర్స్ రెండో భాగం గురించి అడిగావు. 1999 నాటి ఆ ఆట 256 రంగుల పట్టికతో నడిచేది. ఆ పట్టికను ఆటా, డెస్క్‌టాపూ పంచుకోవలసి రావడం వల్లనే విస్టా, విండోస్ 7లలో గడ్డి, నీళ్ళు వింత రంగుల్లో కనిపించేవి. విండోస్ 10లో పాత సీడీతోనే ఆడాలంటే విండోస్ ఫీచర్లలో లెగసీ కాంపొనెంట్స్ కింద పాత ఆటలకు కావలసిన డైరెక్ట్ ప్లే అనే భాగాన్ని ఆన్ చేసుకోవాలి, రంగులు చెడితే కంపాటిబిలిటీలో 256 రంగుల ఎంపిక పెట్టి చూడాలి. డబ్బు పెట్టగలిగితే 2019లో వచ్చిన డెఫినిటివ్ ఎడిషన్ కొనుక్కోవడం మేలు, అది ఇప్పటి వెడల్పాటి తెరల కోసమే మళ్ళీ గీసిన ఆట. కాకపోతే మంచి గ్రాఫిక్స్ ఉన్న యంత్రం కావాలి, ఆ పాత ల్యాప్‌టాప్ దాన్ని మోయలేకపోవచ్చు.

ఇవేవీ పనిచేయకపోతే చివరి అస్త్రం డీజీవూడూ 2. పాత డైరెక్ట్ ఎక్స్ మాటలను ఇప్పటి గ్రాఫిక్స్ కార్డుకు అర్థమయ్యేలా మార్చి చెప్పే ఉచిత ప్రోగ్రామ్ ఇది. వైస్ సిటీ డైరెక్ట్ త్రీడీ 8ని వాడుతుంది కాబట్టి, అందులోని ఎంఎస్ ఫోల్డరులో ఎక్స్86 అనే ఫోల్డరు నుంచి డీత్రీడీ8 డాట్ డీఎల్ఎల్‌ను ఆట ఫోల్డరులో పెట్టాలి. డీజీవూడూ సొంత కంట్రోల్ ప్యానెల్‌లో స్కేలింగ్ దగ్గర నిష్పత్తిని కాపాడే ఎంపిక పెట్టుకుంటే డ్రైవరు అమరికలతో పనే ఉండదు. దాన్ని తయారుచేసినవారి సొంత పేజీ నుంచి మాత్రమే దించుకో. వైస్ సిటీ ఫుల్ స్క్రీన్ ఫిక్స్ అనే పేరుతో ఎక్కడెక్కడో దొరికే ఫైళ్ళలో ఏముందో ఎవరికీ తెలియదు.

సాయంత్రం ముందు డివైస్ మేనేజర్ చూడు, తర్వాత స్కేలింగ్ సరిచేయి. నీ పని ఆ రెండింటితోనే అయిపోతుందని నా నమ్మకం. అప్పటికీ కుదరకపోతే తెర నాలుగు అంచులూ కనిపించేలా ఒక ఫొటో తీసి, డిస్‌ప్లే అడాప్టర్స్ కింద ఏ పేరు ఉందో రాసి పంపు. ఆదివారం ఫోన్‌లో కూర్చుని ఇద్దరం కలిసి చూద్దాం.

నీ,
రఘు